చిటికెడు గుగ్గిలం, నిలువెత్తు మంట

హైదరాబాదు శేరిలింగంపల్లిలోని సురభి కాలనీకి సంపాదకులు నన్ను పంపింది పాతాళభైరవి నాటకంలో మారే తెరల గురించి, గాల్లో ఎగిరే పాత్రల గురించి రాసుకురమ్మని. తెరలు చూశాను, తీగలు చూశాను. కానీ మధ్యాహ్నం నుంచి చీకటి పడేదాకా కదలబుద్ధి కానిది మాత్రం వేదిక పక్కన ఒక చిన్న రోలు దగ్గర.

ఆ రోట్లో ఒక పెద్దాయన గుగ్గిలం నూరుతున్నారు. తేనెరంగు బంకముక్కలు ముందు పలుకులై, తర్వాత రవ్వై, చివరికి పిండైపోయాయి. దాన్ని పాత పంచెగుడ్డలో పోసి జల్లించారు. వస్త్రగాళితం. గుడ్డలో మిగిలింది మళ్ళీ రోట్లోకే. మూడోసారి జల్లించాక వేళ్ళ మధ్య నలిపి చూసి, చాలదన్నట్టు తల ఊపి, నాలుగోసారి మొదలుపెట్టారు.

అంత మెత్తన ఎందుకంటే, గుగ్గిలం ముద్దగా ఉంటే మెల్లగా కాలుతుంది, పొగ వస్తుంది. దుమ్ములా ఉంటే ప్రతి రేణువు చుట్టూ గాలి ఉంటుంది కనక అన్నీ ఒక్కసారే అంటుకుంటాయి. భగ్గుమని లేచి, కన్ను మూసి తెరిచేలోగా ఆరిపోతుంది. కూచిపూడి భాగవతుల ఆటలో కాగడాల మీద గుగ్గిలం చల్లింది ఇందుకే. సురభి వేదిక మీద నేపాళ మాంత్రికుడు చెయ్యి చాచగానే లేచే మంట ఇదే. బాలనాగమ్మ నాటకంలో నాగళ్ళపూడి గట్టు మాయల ఫకీరు కోపమూ ఇదే.

ఆయన కుడి చెయ్యి చూడాలి. బొటనవేలు, చూపుడువేలు, నడిమివేలు మొనలు తోలులా గట్టిపడ్డాయి. మణికట్టు దాకా ఒక్క వెంట్రుక లేదు. ఎంత పొడి తీయాలని అడిగితే చిటికె పట్టి చూపించారు. బరువెంతో ఆయనకు అక్కర్లేదు. వేసవిలో ఇంత, ముసురు పట్టినప్పుడు ఇంతకంటే తక్కువ. తేమ తగిలిన పొడి ఉండకడుతుంది, ఆ ఉండ గాల్లో ఆరిపోకుండా మండుతూ కింద పడుతుంది. కింద కొయ్య పలకలు, వెనక రంగులేసిన గుడ్డ తెరలు. విసరడం కూడా ఎప్పుడూ కింది నుంచి పైకి, నటుడికి ఎడంగా, ఊపిరి బిగబట్టి. హార్మోనియం ఏ స్వరం మీద ఆగుతుందో చేతికి ముందే తెలియాలి. అరక్షణం ఆలస్యమైతే మంత్రం మాంత్రికుడిది కాకుండా పోతుంది.

1951 నాటి పాతాళభైరవి సినిమాలో ఎస్.వి. రంగారావు నేపాళ మాంత్రికుడికి మార్కస్ బార్ట్లీ కెమెరా తోడుంది. అక్కడ మంట కుదరకపోతే మళ్ళీ తీయవచ్చు. ఇక్కడ మళ్ళీ అన్న మాటే లేదు.

రోలు వెనకాల ఇద్దరు ఆడవాళ్ళు జరీ అంగీలకు కుట్లు వేస్తూ మాట్లాడుకుంటున్నారు.

"మనం ఆడబోయే హాల్లో నిప్పు పనికిరాదంట వదినా. ఎర్ర లైటు వేసుకోమన్నారు."

"ఎర్ర లైటుకు జడుసుకునే పిల్లోడు ఎవడే?"

పెద్దాయన వినీ విననట్టు జల్లిస్తూనే ఉన్నారు. నాకే కడుపులో దేవినట్టయింది.

హాళ్ళవాళ్ళ భయం అబద్ధమని అనను. 1997లో ఢిల్లీ ఉపహార్ సినిమాహాల్లో మంటలు లేస్తే 59 మంది ప్రాణాలు పోయాయి. అలాంటివి చూశాక ఎవరైనా జాగ్రత్తపడతారు. కానీ ఈయన పక్కన తడిపిన గోనెపట్టా ఉంది, ఇసుక బకెట్టు ఉంది. అన్నిటికీ మించి ఆ చెయ్యి ఉంది. అగ్నిమాపక సిబ్బందిని పిలిపించి, ఆ చేతిని చూపించి, షరతులు పెట్టి అనుమతి ఇవ్వవచ్చు. అది కొంచెం శ్రమ. వద్దనడం తేలిక. తేలికైన పనే జరుగుతోంది.

సురభి పుట్టుకలోనే నిప్పుంది. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో కీచకవధ ఆడి ఈ నాటక సమాజానికి నాంది పలికిన వనారస గోవిందరావు కుటుంబీకులు అంతకు ముందు తోలుబొమ్మలాట ఆడినవాళ్ళు. తెర వెనక దీపం లేనిదే బొమ్మకు ప్రాణం రాదని వాళ్ళకు ఎవరూ చెప్పనక్కర్లేదు. ఆ తర్వాత ఆడవేషాలు ఆడవాళ్ళే కట్టారు, కుటుంబాలకు కుటుంబాలే రంగస్థలం మీద పుట్టి పెరిగాయి. బి.వి. కారంత్ వచ్చి వాళ్ళతో కొత్త నాటకాలు చేయించారు. సురభి బాబ్జీగా పేరుపడ్డ ఆర్. నాగేశ్వరరావుకు 2013లో పద్మశ్రీ వచ్చింది. గౌరవం దక్కలేదని కాదు. నటుడికి దక్కింది, నాటకానికి దక్కింది. ఈ మూడు వేళ్ళకు దక్కలేదు.

సంభాషణలు నోటుపుస్తకాల్లో ఉన్నాయి. పద్యాలకు రాగాలు నేర్పేవాళ్ళున్నారు. ఈ చిటికె కొలత మాత్రం ఏ పుస్తకంలోనూ లేదు. విశ్వవిద్యాలయాల రంగస్థల శాఖల్లో లైటింగుకు పాఠం ఉంటుంది కదా, గుగ్గిలానికి ఒక్క వారం ఎందుకు ఉండకూడదు? ఈయన్నే గురువుగా పిలిచి, జీతమిచ్చి, పదిమంది పిల్లల చేత పొడి నూరించాలి. ఆ చేతిని నిదానంగా, దగ్గర్నుంచి వీడియో తీసి దాచాలి. ఇదంతా ఆయన ఒంట్లో ఓపిక ఉండగానే కావాలి.

ఆ రాత్రి మాంత్రికుడు చెయ్యి చాచాడు. మంట లేచింది. ముందు వరసలో ఒక చిన్నపిల్ల తల్లి ఒడిలోకి దూరి, వెంటనే వేళ్ళ సందుల్లోంచి మళ్ళీ చూసింది. పక్కతెర చాటున పెద్దాయన చెయ్యి అప్పటికే డబ్బాలోకి వెళ్ళిపోయింది.

ఆట ముగిసి జనం వెళ్ళాక ఆయన చెప్పులు విడిచి, వేదికంతా అడుగులో అడుగు వేసుకుంటూ నడిచారు. ఎక్కడైనా వేడి మిగిలిందేమోనని పాదంతో తడుముతున్నారు. వెనకాలే మనవడు ఆరిన కాగడా పట్టుకుని వస్తున్నాడు. కాగడా పట్టనిచ్చి రెండేళ్ళయిందట, పొడిడబ్బా ఇంకా ముట్టనివ్వలేదు.

"ఎప్పుడు తాతా?" అన్నాడు వాడు.

"ముందు నూరడం నేర్చుకో" అన్నారాయన, కాలు తీయకుండానే.