నందాదేవి దారులు

ఉత్తరాఖండ్‌లో 7,816 మీటర్ల ఎత్తున నిలిచిన నందాదేవి శిఖరం చుట్టూ పర్వతపంక్తి కోటగోడవలె ఆవరించి ఉన్నది. ఆ గోడకున్న ఒకే ఒక్క గండి రుషిగంగ లోయ. గఢ్వాల్ ప్రజలకు నందాదేవి వట్టి శిఖరం కాదు. అత్తవారింటికి సాగనంపిన ఆడపడుచు.

శిఖరాన్ని ఎక్కడం మాట అటుంచి, దాని పాదాన్ని చేరడమే చాలాకాలం అసాధ్యమైంది. 1934లో షిప్టన్, టిల్మన్ అనే ఆరోహకులు ముగ్గురు షెర్పాల తోడుతో ఆ నిట్టనిలువు లోయలో దారి వెదకుకొని, లోపలి పచ్చికబయళ్లలో అడుగుపెట్టారు. 1936 ఆగస్టు 29న టిల్మన్, ఓడెల్ దక్షిణాన ఉన్న కొండవెన్ను మీదుగా శిఖరాగ్రాన్ని చేరారు. 1976లో భారత-అమెరికా బృందం వాయవ్య దిక్కు నుండి అంతకంటె కఠినమైన మార్గాన్ని సాధించింది. ఆ శిఖరం పేరే పెట్టుకొన్న నందాదేవి అన్‌సోల్డ్ అనే యువతి ఆ యాత్రలోనే, పై శిబిరంలో కన్నుమూసింది. ముచ్చటపడి ఆ పేరు పెట్టిన తండ్రి అప్పుడు పక్కనే ఉన్నాడు.

యాత్రలు పెరిగేకొద్దీ చెత్త పేరుకొన్నది. వంటచెరకుకై పొదలు నరికారు. 1982లో జాతీయోద్యానవనంగా ప్రకటించిన పిమ్మట లోపలి ప్రాంతాన్ని ఆరోహకులకే కాక గొర్రెల కాపరులకూ మూసివేశారు. ఆరోహకులకు వేరొక శిఖరం దొరుకుతుంది. తరతరాల మేతభూములు పోయిన లాతా గ్రామపు భోటియాలకు వేరొక పచ్చిక ఎక్కడిది? 1974లో గొడ్డళ్లకు అడ్డునిలిచి చెట్లను కాపాడిన గౌరాదేవి, ఆమె వెంట నడచిన స్త్రీలు ఆ పొరుగున ఉన్న రేణి గ్రామం వారే. వారి ఊరి మందలకూ ఆ దారి మూతపడింది.