తెగేదాకా లాగకూడదు

పిల్లలూ, మా తెలుగు పీరియడులో బోర్డు పై భాగం మీద మేము ఎప్పుడూ రాయమని మీరు గమనించే ఉంటారు. తేదీ, వారం, పాఠం పేరు పైన రాసేది మీలో పొడుగ్గా ఉన్నవాళ్లే. మేము భుజం ఎత్తు దగ్గర మొదలుపెట్టి కిందికి రాస్తాం. "మేడమ్, పైన అంత చోటుంది కదా, ఎందుకు రాయరు?" అని ఏడో తరగతిలో ఒకరు అడిగితే నవ్వేసి ఊరుకున్నాం. ఆ జవాబు ఇప్పుడు రాస్తున్నాం. ఇందులో "మేము" అంటే ఇంట్లో ముగ్గురం. నొప్పి వచ్చింది టీచరు భుజానికే. కాని ఒకరికి నొప్పి వస్తే ఇంట్లో ఎవరికీ నిద్ర ఉండదు. అందుకే అది మా నొప్పి.

మీ అందరి ఇళ్లలో ఉన్నట్టే మా ఇంట్లోనూ ఒక నల్ల ఇనుప ట్రంకు పెట్టె ఉంది. దాని మీద తెల్ల పెయింటుతో పాత ఊరి పేరు కొట్టేసి కొత్త ఊరి పేరు, అది కొట్టేసి మరో పేరు. నాలుగేళ్ల కిందట అస్సాంకు బదిలీ అయినప్పుడు ఆ పెట్టె నిండా పుస్తకాలే. వానాకాలం. క్వార్టరులో నేలంతా చెమ్మ. పుస్తకాలు తడుస్తాయని పెట్టెను అటక మీదికి ఎక్కించబోయాం. తల పైకి ఎత్తి తోస్తుంటే అది వెనక్కి జారింది. కుడిచేత్తో ఆపాం. భుజం లోపల పాత గుడ్డ చిరిగినట్టు అనిపించింది. పెట్టె అటకెక్కింది. మర్నాడు బళ్లో చేరాం. ఎవరికీ ఏమీ చెప్పలేదు.

నొప్పి కూడా చిత్రంగా ఉండేది. చెయ్యి కిందికి వేలాడుతుంటే ఏమీ లేదు. పక్కకు ఎత్తుతుంటే సగంలో పట్టుకునేది. ఇంకా పైకి వెళ్తే కొంచెం తగ్గేది. మీ కోణమానినిలో చూస్తే సుమారు 60 నుంచి 120 డిగ్రీల మధ్యన అన్నమాట. పాపకు జడ వేయాలన్నా, తీగ మీద బట్టలు ఆరేయాలన్నా, బోర్డు పైవరస రాయాలన్నా చెయ్యి సరిగ్గా అక్కడికే వెళ్లాలి. రాత్రి కుడివైపు ఒత్తిగిలితే మెలకువ వచ్చేసేది.

మొదట తీయించిన ఎక్స్‌రేలో ఏమీ కనబడలేదు. మాత్రలు ఇచ్చారు. ఫోనులో అమ్మమ్మ పుత్తూరు కట్టు వేయించుకోమంది. ఎముక విరగలేదు కదమ్మా అంటే వినదు. ఒకరెవరో చెయ్యి పట్టే మనిషి ఉన్నాడంటే అతని దగ్గరికీ వెళ్లాం. నూనె రాసి, చెయ్యి పట్టుకుని గట్టిగా లాగాడు. ఆ రాత్రి ముగ్గురం కూర్చునే తెల్లవార్చాం. ఇలా రెండు నెలలు గడిచాయి.

దుర్గాపూజ సెలవుల్లో పెద్ద ఊరికి వెళ్లి ఎముకల డాక్టరుకు చూపించాం. ఆయన ఎక్స్‌రే పక్కన పెట్టి ముందు ప్రశ్నలు అడిగారు. నొప్పి ఎక్కడ? జబ్బ బయటివైపు అరచేత్తో చూపించాం. మోచెయ్యి దాటి వేళ్ల దాకా తిమ్మిరి వస్తుందా? రాదు. అలా వస్తే మెడ నుంచి వచ్చే నొప్పేమోనని అనుమానించాలట. తరువాత మమ్మల్ని చెయ్యి వదులుగా ఉంచమని, తానే మెల్లగా పైకెత్తారు. పూర్తిగా లేచింది. భుజం బిగుసుకుపోయే జబ్బు అయితే ఎదుటివాళ్లు ఎత్తినా లేవదు, కాబట్టి అది కాదన్నారు. చివరికి చెయ్యి ముందుకు, కాస్త పక్కకు చాపించి, గ్లాసులో నీళ్లు ఒంపేటట్టు బొటనవేలు కిందికి తిప్పించి, పైనుంచి నొక్కారు. నొప్పికి చెయ్యి నిలవలేదు.

"సాసరులో నిమ్మకాయ పెడితే ఎలా ఉంటుంది?" అని అడిగారు మా పాపను. "దొర్లిపోతుంది" అంది. భుజం కీలు అలాంటిదేనట. చేతి ఎముక తల గుండ్రంగా పెద్దది, అది కూర్చునే గుంట లోతు లేనిది. అందుకే చెయ్యి అన్ని వైపులా తిరుగుతుంది, అందుకే జారే ప్రమాదమూ ఉంది. దొర్లకుండా పట్టి ఉంచేవి ముఖ్యంగా నాలుగు కండరాలు. వాటి చివరి పట్టీలు ఎముక తలను చొక్కా కఫ్‌లాగా చుట్టుకుని ఉంటాయి కనుక రొటేటర్ కఫ్ అంటారు. కండరాన్ని ఎముకకు కట్టే ఈ పట్టీనే మీ సైన్సు పుస్తకంలో టెండాన్ లేదా స్నాయుబంధనం అంటారు. నాలుగింటిలో పైన ఉండేది సుప్రాస్పైనేటస్. ఎక్కువగా దెబ్బ తినేది అదే. ఎక్స్‌రే ఎముకలనే బాగా చూపిస్తుంది, పట్టీలను చూపించదు. వాటికి అల్ట్రాసౌండ్ గాని ఎమ్మారై గాని కావాలి.

ఎమ్మారైలో తేలింది. ఆ పట్టీ కొంత తెగింది. మందంలో సగం కన్నా తక్కువే.

"తెగింది" అన్న మాట వినగానే పాప ముఖం పాలిపోయింది. "అమ్మ చెయ్యి ఊడిపోతుందా?" అంది. డాక్టరు గారు ఒక బ్యాండేజి గుడ్డ ముక్క తీసి, అంచున కొంచెం కత్తిరించి, రెండు చివరలూ దాని చేతికిచ్చి మెల్లగా లాగమన్నారు. "చూశావా, ఇంకా పట్టుకునే ఉంది. గట్టిగా లాగితే మిగతాదీ చిరుగుతుంది. అలాగని అసలు కదపకపోతే భుజం బిగుసుకుపోతుంది. అమ్మ రెండూ చేయకూడదు" అన్నారు.

ఆపరేషను ఇప్పుడు వద్దన్నారు. ముందు మూడు నెలలు వ్యాయామం. అప్పటికీ తగ్గకపోతే ఆలోచిద్దాం అన్నారు. సగానికి మించి తెగి, నెలల తరబడి తగ్గనివాళ్లకు చిన్న రంధ్రాల గుండా కెమెరా పంపి కుట్టే ఆపరేషను ఉంది. దాని తరువాత కూడా నెలల వ్యాయామం తప్పదు. ఇంజెక్షను నొప్పిని కొన్నాళ్లు తగ్గిస్తుంది గాని పదే పదే తీసుకుంటే పట్టీ బలహీనపడవచ్చు. ఇవన్నీ విని మేము వ్యాయామమే ఎంచుకున్నాం.

రోజూ సాయంత్రం అదే పని. ఎడమచెయ్యి బల్ల మీద ఆనించి వంగి, కుడిచేతిని గడియారం లోలకంలా ఊపడం. రెక్క ఎముకలు రెండూ వెనక్కి దగ్గరగా తేవడం. మోచేతికీ పక్కటెముకలకూ మధ్య తువ్వాలు చుట్ట పెట్టుకుని, తలుపు గడియకు కట్టిన రబ్బరు పట్టీని బయటివైపు లాగడం. గోడ మీద వేళ్లతో పాకించుకుంటూ చెయ్యి పైకి తీసుకెళ్లడం. ఎంతవరకు వెళ్లిందో పాప పెన్సిలుతో గీత గీసి తేదీ వేసేది. పక్కనే దాని ఎత్తు కొలిచిన గీతలు. మా గీతలు దాని గీతల కన్నా నెమ్మదిగా పైకెక్కాయి.

నాలుగు వారాలు పెద్ద మార్పు లేదు. ఆరో వారం బాగుందనిపించి నీళ్ల బకెట్టు ఎత్తాం. మళ్లీ రెండు వారాలు వెనక్కి పోయాం. ఆ దెబ్బతో బుద్ధి వచ్చి స్టాఫ్‌రూములో విషయం చెప్పాం. గణితం చెప్పే సారు ఆశ్చర్యపోయారు. "మీ పక్క క్వార్టరే కదండీ మాది. మొదటి రోజే పిలిస్తే ఆ పెట్టె నేనే ఎక్కించేవాణ్ణి" అన్నారు.

ఆ సాయంత్రం ఈ మాట ఇంట్లో చెప్పుకుంటున్నాం. పాప గీత గీస్తూ, "నేను కూడా ఎవరికీ చెప్పలేదు" అంది. ఏమిటని అడిగాం. కొత్త బళ్లో మూడు నెలలుగా ఒక్కతే కూర్చుని టిఫిను తింటోందట. రోజూ ఇంటికి రాగానే "బడి ఎలా ఉంది?" అని అడుగుతాం, "బాగుంది" అంటుంది, మేము నమ్ముతాం. "మరి ఎందుకు చెప్పలేదమ్మా?" అంటే, "మీకు చెయ్యి నొప్పి కదా" అంది. మాకు నోట మాట రాలేదు. భుజం నొప్పిని దాచినందుకు మమ్మల్ని మేము గొప్పగా అనుకున్నాం. దాచడం ఎలాగో ఎనిమిదేళ్ల పిల్లకు నేర్పామని తెలియలేదు. మర్నాడే దాని క్లాస్ టీచరుతో మాట్లాడాం. వారం తిరక్కుండా ఇద్దరు స్నేహితులు మా గోడ దగ్గర నిలబడి ఎత్తు కొలిపించుకున్నారు.

పధ్నాలుగో వారానికి మళ్లీ జడ వేయగలిగాం. అన్నాళ్లూ జడ వేసింది వాళ్ల నాన్నే. రెండు జడలూ ఒక ఎత్తులో ఎప్పుడూ ఉండేవి కావు. ఎమ్మారై మళ్లీ తీయించాలా అని అడిగితే, ఫిల్ములో చిరుగు ఇంకా కనిపించవచ్చు, చెయ్యి పని చేస్తోందా లేదా అన్నదే ముఖ్యం అన్నారు డాక్టరు గారు. తీయించలేదు.

ఇక్కడికి బదిలీ అయినప్పుడు పుస్తకాలన్నీ ట్రంకులో కుక్కలేదు. చిన్న చిన్న అట్టపెట్టెల్లో సర్దాం. ఎమ్మారై ఫిల్ము, వ్యాయామాల కాగితం సామాన్ల లారీలో వేయకుండా చేతిసంచిలో తెచ్చుకున్నాం. మొదటి రోజే ప్రిన్సిపాల్ గారితో, "ఎత్తుగా ఎక్కువసేపు రాయలేం, బరువులు ఎత్తలేం" అని చెప్పాం. చెప్పడానికి అర నిమిషం పట్టింది.

సామెతల పాఠంలో "తెగేదాకా లాగకూడదు" అంటే గొడవను ముదరబెట్టకూడదని మీకు చెప్పాం. అది సరైన అర్థమే. దానికి ఇంకొకటి కలుపుకోండి. నొప్పినీ తెగేదాకా లాగకూడదు. ప్రతి రెండు మూడేళ్లకు ఊరు మారే మనకు "ఫర్వాలేదు, అలవాటే" అనడం బాగా అలవాటు. భుజమైనా, మనసైనా, కాస్త చిరిగినప్పుడే ఎవరికైనా చెబితే మిగతాది నిలుస్తుంది. ఈ ఏడు కొత్తగా చేరినవాళ్లు మీ తరగతిలో ఎవరైనా ఉంటే, టిఫిను ఎక్కడ కూర్చుని తింటున్నారో ఒకసారి చూడండి.

బోర్డు పైన తేదీ రాసే పని మాత్రం మీదే. పొడుగ్గా ఉన్నవాళ్లతో పాటు పొట్టివాళ్లకూ ఒక వంతు ఇద్దాం. కుర్చీ మేము పట్టుకుంటాం, ఎడమచేత్తో.