ఇంటి సంగతి

"మేడం, సర్వసత్తాక అంటే ఏంది?"

తొమ్మిదో తరగతిల వెనక బెంచీ పిల్ల లేచి అడిగింది. రాజ్యాంగ పీఠిక సోషల్ పుస్తకంలనే అచ్చేసి ఉంటది. పిల్లలు రోజూ చూస్తరు గాని ఎవ్వరూ అడగరు. ఈ పిల్ల అడిగింది.

నాకు తోచిన తేలికైన ఉదాహరణ చెప్పిన. "మీ ఇల్లుంటది గదా. మీ ఇంట్ల ఏం వండుకోవాల్నో, ఎప్పుడు పండుకోవాల్నో మీ ఇష్టం. పక్కింటోళ్లు వచ్చి చెప్పరు. మీ తలుపు మీది. దేశం గూడ అంతే. దాని మీద ఇంకో దేశం పెత్తనం నడవదు."

పిల్ల కూసోలేదు. "మేడం, మేము అపార్టుమెంటు కింద వాచ్‌మన్ రూంల ఉంటం. మా తలుపు మాది కాదు. ఎవరు కొట్టినా తియ్యాలె. రాత్రి పన్నెండింటికి కొట్టినా తియ్యాలె."

క్లాసంతా నవ్వింది. నాకు నవ్వు రాలేదు. నేను చెప్పింది ఇల్లున్నోళ్ల ఉదాహరణ. ఎల్బీనగర్ దిక్కు ఈ సర్కారు బడికొచ్చే పిల్లల్ల సగం మందికి ఇల్లు లేదు. నల్లగొండ నుంచి, పాలమూరు నుంచి వలసొచ్చిన కూలోళ్ల పిల్లలు. నేను గూడ ఒకరి ఇంట్ల కిరాయికి ఉన్నదాన్నే.

మాది సూర్యాపేట దిక్కు పల్లె. మాదిగోళ్లం. నాయిన కూలికి పోయిండు, అమ్మ నాట్లకు పోయింది. మా ఇంట్ల డిగ్రీ చదివినదాన్ని నేనే మొదలు. డీఎస్సీ కోచింగ్‌కని దిల్‌సుఖ్‌నగర్ వచ్చిన. లేడీస్ హాస్టల్ల ఒక్క గదికి ఆరుగురం. కోచింగ్ల సారు నాలుగు వేళ్లు చూపెట్టి చెప్పేటోడు. ప్రజలు, భూభాగం, ప్రభుత్వం, సార్వభౌమాధికారం. ఈ నాలుగుంటేనే రాజ్యం, ఒక్కటి తక్కువైనా కాదు. 1933 మాంటెవిడియో ఒప్పందంల నాలుగో దాన్ని ఇతర రాజ్యాలతోటి సంబంధాలు పెట్టుకునే శక్తి అన్నరు. అన్నీ బట్టీ పట్టిన.

ఆ రాత్రులల్లనే ఒకనాడు పక్క మంచం పిల్ల "మీరేమోళ్లు?" అనడిగింది. చెప్పిన. తెల్లారేసరికి ఆమె మంచం కిటికీ కాడికి జరిగింది. భూభాగం, సరిహద్దు అంటే ఏందో ఆ సారు కంటె ఆ మంచమే నాకు బాగ చెప్పింది.

రాజ్యం గురించి మా నాయినమ్మకు గూడ ఒక పాఠం తెలుసు. 1948ల ఆమెకు పదేండ్లు. సంఘపోళ్లకు భయపడి దొర పట్నం పారిపోయిండు. గడీకి తాళం పడ్డది. దొర భూమిల మావోళ్లకు గూడ ఇంత చెలక ముక్క వచ్చింది. ఇగ ఒకనాడు బెజవాడ సడక్ మీద మిల్ట్రీ లారీలు పోయినయి. వాటెనక దొర తిరిగొచ్చిండు. "పోయేటప్పుడు నెత్తి మీద రూమీ టోపీ, వచ్చేటప్పుడు తెల్లటోపీ" అనేది నాయినమ్మ. "చెలక గుంజుకున్నడు. రాజ్యం మారింది బిడ్డా, మా నాయిన వెట్టి మారలే. ఇంతకు మనం ఎవల రాజ్యంల ఉన్నట్టు?"

ఆ బెజవాడ సడకే ఇప్పటి విజయవాడ హైవే. నేను రోజూ దిగే ఎల్బీనగర్ చౌరస్తా కాడ పట్నంల కలుస్తది. నాయినమ్మ అడిగిన దానికి జవాబు వెతకాల్నని ఉద్యోగం వచ్చినంక పుస్తకాలు పట్టిన.

దిల్‌సుఖ్‌నగర్‌ల మెట్రో ఎక్కితే చైతన్యపురి, ఆ తర్వాత విక్టోరియా మెమోరియల్, ఆ తర్వాత ఎల్బీనగర్. మన గల్లీల్ల ఇంగ్లండు రాణి పేరెందుకు? 1901ల ఆమె చనిపోయినంక ఆమె జ్ఞాపకంగా నిజాం కాలంల సరూర్‌నగర్‌ల అనాథ పిల్లల కోసం ఆశ్రమం పెట్టిండ్రు. స్టేషన్‌కు ఆ పేరే వచ్చింది. నిజాంకు తన సిక్కా ఉంది, తన రైలుంది, టపా ఉంది, ఫౌజుంది. అయినా 1926ల ఏడో నిజాం బేరార్ తనకియ్యమని అడిగితే, ఇండియాల బ్రిటిష్ కిరీటమే అందరి మీద అని వైస్రాయి రీడింగ్ ఉత్తరం రాసిండు. మా మీద దొర, దొర మీద నిజాం, నిజాం మీద రాణి. వాళ్ల లెక్కల నిజాం గూడ ఒక పెద్ద వాచ్‌మనే.

1947ల తెల్లోళ్లు పోతుంటే నిజాం ఇగ నేను స్వతంత్రుణ్ని అన్నడు. నవంబరు 29న ఢిల్లీతోటి యథాతథ ఒప్పందం చేసుకున్నడు. 1948 ఆగస్టుల ఐక్యరాజ్యసమితి భద్రతా మండలికి ఫిర్యాదు పెట్టుకున్నడు. సెప్టెంబరు 13న సైన్యం వచ్చింది. 16న ప్యారిస్‌ల మండలి ఈ సంగతి తీసుకున్నది. 17న నిజాం లొంగిపోయిండు. హైదరాబాద్ అసలు రాజ్యమే కాదు, మీ దగ్గరికొచ్చే హక్కు దానికి లేదు అని మండలిల భారత ప్రభుత్వం వాదించింది. అంటే, ఇది మా ఇంటి సంగతి.

ఈ పంచాయితీల మనోళ్లు లేరా? ఉన్నరు. ప్యారిస్ పోయిన నిజాం బృందంల బి. శ్యాంసుందర్ ఉన్నడు. నిజాం మంత్రివర్గంల బి.ఎస్. వెంకట్రావు ఉన్నడు. అటు ఢిల్లీల కేంద్ర న్యాయమంత్రి బాబాసాహెబ్ అంబేడ్కర్. హైదరాబాద్ దళితులు నిజాం దిక్కు పోవద్దని ఆయన 1947లనే చెప్పిండు. ఎవరు ఒప్పు, ఎవరు తప్పు అని తీర్పు చెప్పడానికి ఇది రాస్తలేను. సొంత ఇల్లు లేనోళ్లు ఏ తలుపు సందు కనపడితే ఆడ కాలు పెట్టిండ్రు. రజాకార్లు చేసిన ఘోరాలు తక్కువవి కావు. నిజాం పోవుడు మంచిదే. కాని ఆ వెంబడే ముస్లింల మీద జరిగిన హత్యాకాండ మీద సుందర్‌లాల్ కమిటీ ఇచ్చిన రిపోర్టును ప్రభుత్వం ఏండ్లకేండ్లు బయట పెట్టలేదు. అది గూడ ఇంటి సంగతే అయింది.

ఇగ అసలు మాటకొస్త. 1946ల దక్షిణాఫ్రికాల భారతీయుల మీద వివక్ష నడుస్తున్నదని ఇండియా ఐక్యరాజ్యసమితికి పోయింది. అది మా ఇంటి సంగతి, మీకేం పని అన్నది దక్షిణాఫ్రికా. మనుషులను పుట్టుకను బట్టి తక్కువ జేస్తే అది ప్రపంచ సంగతే అని ఇండియా వాదించి గెలిచింది. మంచి పని. 1965 జాతి వివక్ష వ్యతిరేక ఒప్పందంల వంశపారంపర్యం అనే మాట చేర్పించింది గూడ ఇండియానే. ఆ మాట కిందికి కులం గూడ వస్తదని ఐక్యరాజ్యసమితి కమిటీ అంటే మాత్రం ఒప్పుకోలేదు.

2001ల దర్బన్‌ల జాతి వివక్ష మీద ప్రపంచ సదస్సు జరిగింది. 1860 నుంచి చెరుకు తోటల కూలికి ఓడలెక్కిన తెలుగోళ్లు, తమిళులు దిగిన రేవు అదే. మన దళితులు పోయి కులం గూడ చర్చించుండ్రి అన్నరు. కులం జాతి కాదు, అది మా లోపలి సంగతి అన్నది మన ప్రభుత్వం. చివరి పత్రంల కులం మాటే రాలేదు. 1946ల దక్షిణాఫ్రికా చెప్పిన జవాబునే 2001ల మనోళ్లు అదే దక్షిణాఫ్రికా గడ్డ మీద చెప్పిండ్రు.

బయటికి పోదామన్న ఆలోచన అంబేడ్కర్‌కు ముందే వచ్చింది. అమెరికా నల్లవాళ్లు ఐక్యరాజ్యసమితికి అర్జీ పెట్టుకున్నరని విని, ఆ కాగితాలు కావాలని 1946ల డు బోయిస్‌కు ఉత్తరం రాసిండు. మన సంగతి మీద గూడ ఒక నివేదిక తయారు చేసిండు. కాని ఇయ్యలేదు. రాజ్యాంగ సభకు, రాబోయే పార్లమెంటుకు ఒక అవకాశం ఇద్దామని ఆగిండు. 1951ల రాజీనామా చేస్తూ ఈ మాట ఆయనే చెప్పిండు. ఈ ఇల్లు మనది గూడ అవుతదని నమ్మి బయటి తలుపు కొట్టకుండ ఆగిన మనిషి ఆయన.

దేశానికి సార్వభౌమాధికారం వద్దని నేను అంటలేను. అది లేని దేశాల బతుకు ఎట్లుంటదో ఇంగ్లండు రాణి పేరు మోస్తున్న మా స్టేషన్ చెప్తనే ఉంది. బయటోడు పెత్తనం చేస్తే తలుపు మూసుకోవాల్సిందే. కాని లోపల దెబ్బలు తినేటోడు అరిస్తే, ఇంటి పరువు పోతదని అదే తలుపు మూసుడు ఏం న్యాయం?

పోయిన నెల ఆ పిల్ల తల్లి బడికొచ్చింది. నల్లా రాని రోజు అపార్టుమెంటు సంపుల బకెట్ ముంచిందట. ఒక ఫ్లాటాయన కులం పేరు పెట్టి తిట్టి, సంపు కడిగించిండట. పెద్దమనుషులు వచ్చి "అపార్టుమెంటు సంగతి అపార్టుమెంటులనే తెంపుకుందం, పోలీసులెందుకు" అన్నరట. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకొని చెప్తుంటె నాకు 1948, 2001 గుర్తుకొచ్చినయి. దేశమైనా అపార్టుమెంటైనా అదే మాట.

"మేడం, దరఖాస్తు రాసిస్తరా? నా వెంట స్టేషన్ దాక వస్తరా?"

వెంటనే సరే అనలేకపోయిన. రెండేండ్ల కింద ఒక ఇంటాయన మా కులం తెలిసి, తీసుకున్న అడ్వాన్సు తిరిగిచ్చిండు. "మా చుట్టాలొస్తున్నరు" అన్నడు. అంత చదువుకున్నదాన్ని, నోరు మూసుకొని వచ్చిన. అప్పుడు నా వెనక నేనే నిలబడలేదు.

"రూం పోతదేమో చెల్లె" అన్న.

"పోతె పోనియ్యుండ్రి మేడం. ఆ తలుపు ఎన్నడు మాది గనుక?"

కాగితం తీసిన. 1989 చట్టం పేరు పైన రాసి, జరిగింది జరిగినట్టు రాసిన. ఆమె వంకర టింకరగా సంతకం చేసింది. స్టేషన్ల ఇద్దరం ఒకటే బెంచీ మీద రెండు గంటలు కూసున్నం. కాపీ మీద ముద్ర వేసి ఇచ్చిండ్రు.

స్టాఫ్ రూంల ఒకరు "మీకెందుకు మేడం, అది బయటి సంగతి" అన్నరు. లోపలున్నోళ్లకు లోపలి సంగతి, నాకు బయటి సంగతి. మరి ఎవరి సంగతి?

కేసు ఇంకా తేలలేదు. రూం ఖాళీ చేయమని ఇంకా అనలేదు, అంటరేమోనని రోజూ భయమే. పిల్ల మాత్రం బడికి వస్తున్నది. పీఠిక మళ్ల చదివించిన. ఈసారి ఇల్లు ఉదాహరణ చెప్పలేదు. ఆ అధికారం ఎవరిదని రాసి ఉందో మొదటి పదాల్ల వెతకమన్న. ఆ పిల్లే దొరకబట్టింది.

"ప్రజలది మేడం. మరి మా అమ్మ గూడ అండ్ల ఉంటదా?"

"ఉంటది" అన్న.