పాపికొండల నడుమ అస్ర్ నమాజు

పడవలో నమాజు ఎలా ఆచరించాలో తెలిపే పాఠాన్ని ఇరవై ఏళ్లకు పైగా ఏటేటా బోధిస్తున్నాను. కదులుతున్న పడవలో నిలబడగలిగినవాడు కూర్చుని నమాజు చేయవచ్చునా అన్న ప్రశ్నకు ఇమామ్ అబూ హనీఫా (రహ్మ) అనుమతి ఇచ్చారనీ, ఆయన శిష్యులైన ఇమామ్ అబూ యూసుఫ్ (రహ్మ), ఇమామ్ ముహమ్మద్ (రహ్మ) తగిన కారణం లేనిదే కూర్చోరాదన్నారనీ వివరిస్తాను. పడవ దిశ మారితే నమాజీ కూడా ఖిబ్లా వైపునకు తిరగాలని నల్లబల్ల మీద గీసి చూపిస్తాను. అయితే ఆ పాఠం చెప్పే నాకు గాని, వినే పిల్లలకు గాని పడవ ఎక్కిన అనుభవం లేదు.

మాది హిందూపురం, పెనుకొండ, ధర్మవరం ప్రాంతం. మా పెన్న, చిత్రావతి, జయమంగళి నదులలో ఏడాదిలో అధిక కాలం కనిపించేది ఇసుకే. దేశంలో అతి తక్కువ వర్షం పడే ప్రాంతాలలో మాది ఒకటి. అందువల్ల ఒక విద్యార్థి, "హజ్రత్! నమాజులో ఉన్నప్పుడు పడవ తిరిగిందని మనకెలా తెలుస్తుంది?" అని అడిగినప్పుడు నా దగ్గర గ్రంథంలోని జవాబు తప్ప వేరొకటి లేకపోయింది. భూమిపై సంచరించి సృష్టిని పరిశీలించమని దివ్య ఖుర్ఆన్ పలుచోట్ల ఆదేశిస్తున్నది. పడవలు నీటిపై సాగడాన్ని అల్లాహ్ తన సూచనలలో ఒకటిగా పేర్కొన్నాడు. ఆ సూచనను పిల్లలకు కళ్లారా చూపాలనిపించింది. పరీక్షలు ముగిసిన తరువాత, డిసెంబరులో, పద్నాలుగు మంది పెద్ద తరగతి విద్యార్థులతో, మరొక ఉపాధ్యాయునితో కలిసి గోదావరి మీద పాపికొండల యాత్రకు బయలుదేరాము.

ప్రశాంతి ఎక్స్‌ప్రెస్‌లో హిందూపురం, పెనుకొండ పిల్లలతో నేను హిందూపురంలోనే ఎక్కాను. ధర్మవరంలో ఆ ఊరి పిల్లలు ఎక్కారు. వారిలో ఒకడు మగ్గం మీద పట్టుచీరలు నేసే ఇంటివాడు. వాడి తల్లి ప్లాట్‌ఫారం మీద కిటికీ దగ్గరకు వచ్చి, "హజ్రత్, వీడికి ఈత రాదు. చెరువులో కూడా దిగి ఎరుగడు. మీకు అమానతుగా అప్పగిస్తున్నాను" అన్నది. "అల్లాహ్ ఉన్నాడమ్మా, దిగులు పడవద్దు" అన్నాను. ఆ మాట నా నోటికి ఎంత సులువుగా వచ్చిందో అప్పుడు గమనించలేదు.

తెల్లవారుజామున కొవ్వూరు దాటాక రైలు గోదావరి వంతెన మీదికి వచ్చింది. రెండున్నర కిలోమీటర్లకు పైబడిన ఆ వంతెన మీద పిల్లలు కిటికీలకు ముఖాలు ఆనించి కూర్చున్నారు. మసక వెలుతురులో నీరు తప్ప మరేమీ కనిపించలేదు. "ఇదంతా నీళ్లేనా?" అని ఒకడు మెల్లగా అడిగాడు. కరువు సీమ బిడ్డ అడిగిన ఆ ప్రశ్నకు ఎవరూ నవ్వలేదు.

రాజమహేంద్రవరంలో ఫజ్ర్ నమాజు ముగించుకుని, బస్సులో గండి పోచమ్మ గుడి వద్ద ఉన్న పడవల రేవు చేరుకున్నాము. అక్కడ ప్రతి ప్రయాణికుని పేరు రాసుకున్నారు, తలలు లెక్కపెట్టారు, ఒక్కొక్కరికీ లైఫ్ జాకెట్ ఇచ్చి దిగేవరకూ విప్పరాదని చెప్పారు. మా లాంచీకి రెండు అంతస్తులు. హజ్రత్ నూహ్ (అ) తనవారితో ఓడ ఎక్కుతూ పలికిన దుఆ సూరా హూద్‌లో ఉన్నది. దానిని పిల్లలందరిచేత చదివించి లోపల అడుగుపెట్టాము.

లాంచీ ఎగువకు సాగింది. కొంతసేపటికి దేవీపట్నం పరిసరాలు వచ్చాయి. పోలవరం ఆనకట్ట కారణంగా నది వెనుకకు ఎగదన్ని, ఒకప్పటి జనావాసాలను ముంచుతున్నది. జలాశయం పూర్తి నీటిమట్టం 45.72 మీటర్లు. ఆ మట్టానికి నీరు నిలిపితే మునిగే గ్రామాలలో అధికం గిరిజనులవి. ఇప్పటికే అనేక కుటుంబాలను పునరావాస కాలనీలకు తరలించారు. లాంచీలోని సహాయకుడు, ఆ గట్టున పుట్టి పెరిగిన యువకుడు, "అదిగోనండి, అక్కడ ఊరుండేది" అని చేయి చాపి చూపాడు. అక్కడ నీరే ఉన్నది.

ఆ నీటికీ మా ఊరికీ సంబంధం ఉన్నది. పెనుకొండ దగ్గరి గొల్లపల్లి జలాశయానికి శ్రీశైలం నుండి హంద్రీ–నీవా కాలువ ద్వారా కృష్ణా జలాలు వస్తాయి. పట్టిసీమ దగ్గర గోదావరి నీటిని ఎత్తిపోసి కృష్ణా డెల్టాకు పంపితే, ఆ మేరకు శ్రీశైలంలో కృష్ణా నీరు రాయలసీమకు మిగులుతుందన్నది ప్రభుత్వం చెప్పిన లెక్క. అంటే మా చెరువు నిండడంలో ఈ నదికీ పాలున్నది. నీటి కోసం దుఆ చేసే మేము, నీటి వల్ల ఇల్లు వదిలినవారి కోసం ఏనాడైనా దుఆ చేశామా అని నన్ను నేను ప్రశ్నించుకున్నాను.

మరికొంత దూరం పోయాక సహాయకుడు మైకులో పాటలు ఆపివేశాడు. "ఇది కచ్చులూరండి" అన్నాడు. ఇంకేమీ చెప్పలేదు. 2019 సెప్టెంబరు 15న, గోదావరి వరదతో పోటెత్తి ఉండగా, ఇక్కడే ఒక పర్యాటకుల బోటు మునిగిపోయింది. సుమారు యాభై మంది ప్రాణాలు పోయాయి. సమీపపు గిరిజన గ్రామస్థులు తమ పడవలలో వెళ్లి కొందరిని కాపాడారు. మునిగిన బోటును బయటకు తీయడానికి నెల రోజులకు పైగా పట్టింది. పేర్లు రాయడం, తలలు లెక్కించడం, వరద వేళ యాత్రలు ఆపడం, దారిలో కంట్రోల్ రూములు అన్నీ ఆ తరువాత గట్టిపడినవే. నీరు అక్కడ ఎంతో ప్రశాంతంగా, పచ్చగా ఉన్నది. పిల్లలు తమంతట తామే మౌనం వహించారు. మేము మృతుల కుటుంబాలకు సహనాన్ని ప్రసాదించమని అల్లాహ్‌ను వేడుకున్నాము.

ఆపై కొండలు దగ్గరకు జరిగాయి. స్త్రీల తలపై పాపిడి వలె కొండల నడుమ నది సన్నని దారి తీసుకున్నందున వీటికి ఆ పేరు వచ్చిందంటారు. నాసిక్ దగ్గర త్ర్యంబకంలో పుట్టి 1,465 కిలోమీటర్లు ప్రవహించే గోదావరి, దిగువన రాజమహేంద్రవరం వద్ద ఆవలి గట్టు కనబడనంతగా విస్తరించేది, ఇక్కడ మాత్రం ఒదిగి, లోతుగా, చప్పుడు లేకుండా పారుతున్నది. వెదురు పొదలు, టేకు చెట్లు నీటి అంచు వరకు దిగివచ్చాయి. మలుపు తరువాత మలుపు. ఎదురుగా కొండ అడ్డు నిలిచి దారి ముగిసినట్లే తోస్తుంది, దగ్గరకు పోగానే పక్కన దారి తెరుచుకుంటుంది. మా పెనుకొండ రాళ్లు ఎండకు కాలి గోధుమరంగులో ఉంటాయి. ఈ కొండల పచ్చదనం చూసి పిల్లలు "సుబ్‌హానల్లాహ్" అనడం నేను చెప్పించినది కాదు.

పేరంటాలపల్లి వద్ద లాంచీ ఆగింది. తోటి ప్రయాణికులు అక్కడి శివాలయానికి వెళ్లారు. మేము ఇసుక మీద దుప్పట్లు పరిచి జుహ్ర్ ఖస్ర్ చేసి రెండు రకాతులు చదివాము. కొండరెడ్ల ఇళ్ల స్త్రీలు వెదురుతో చేసిన పూలు, బుట్టలు అమ్ముతున్నారు. ధర్మవరం పిల్లవాడు తన తల్లికి ఒక వెదురు పువ్వు కొన్నాడు.

భోజనాల వేళ ఒకడు, "సహాబాలు కూడా ఇలా పడవలలో వెళ్లారా?" అని అడిగాడు. తొలి ముస్లింలు హబషా దేశానికి హిజ్రత్ చేసినది సముద్రం మీదనే. మధ్యధరా సముద్రంపై నౌకలు పంపడానికి హజ్రత్ ముఆవియా (రజి) అనుమతి కోరితే హజ్రత్ ఉమర్ (రజి) నిరాకరించారు. ముస్లింల ప్రాణాలను సముద్రానికి ఒప్పగించడానికి ఆయన మనసు ఒప్పలేదు. తరువాత హజ్రత్ ఉస్మాన్ (రజి) అనుమతించారు గాని, ఎవరినీ బలవంతాన ఎక్కించరాదని షరతు పెట్టారు. హిజ్రీ 28లో సైప్రస్ వైపు సాగిన ఆ యాత్రలో హజ్రత్ ఉమ్మె హరామ్ (రజి) ఉన్నారు. ఆమె ఆ సముద్రయానంలో ఉంటారని మహాప్రవక్త (స) ముందే తెలిపి ఉన్నారు. ఆమె సముద్రం క్షేమంగా దాటి, ఒడ్డున వాహనం మీది నుండి పడి మరణించారు. "మరణం నీటిలోనే ఉండదు, ఒడ్డున కూడా ఉంటుంది" అని పిల్లలకు చెప్పాను. సగం సత్యమే చెప్పానని ఆ సాయంత్రం తెలిసింది.

తిరుగు ప్రయాణంలో అస్ర్ వేళ అయింది. రేవు చేరగానే బస్సు ఎక్కాలి, దారిలో సూర్యుడు అస్తమిస్తాడు. కనుక లాంచీలోనే నమాజు చేద్దామని నిర్ణయించుకున్నాము. బకెట్టుతో నది నీరు తోడి వుజూ చేశాము. సహాయకుడు కింది అంతస్తులో చోటు చూపి, "పడమర ఇటండి. ఇంకో అయిదు నిమిషాలకు పెద్ద మలుపొస్తుంది, తూలుతుందండి, చూసుకోండి" అన్నాడు. లైఫ్ జాకెట్ ఉబ్బుగా ఉండి రుకూకు, సజ్దాకు ఇబ్బంది అవుతుందని భావించి నేను దానిని విప్పి బల్ల మీద పెట్టాను. తక్బీర్ చెప్పబోతూ వరుస సరిచూడడానికి వెనుకకు తిరిగాను. పద్నాలుగు మంది పిల్లలూ జాకెట్లు విప్పి నిలబడి ఉన్నారు.

సహాయకుడు దగ్గరకు వచ్చాడు. "గురువు గారూ, మీరు విప్పారని పిల్లలూ విప్పేశారండి. మేం పొద్దుట్నుంచి వంద సార్లు చెప్పిన మాట కంటే మీరు చేసిందే వాళ్లకు ఎక్కువ" అన్నాడు.

"నమాజు కోసం బాబూ, అయిదు నిమిషాలే" అన్నాను.

"మనం ఏ పని మీద విప్పామో నీళ్లకు తెలియదు కదండీ" అన్నాడు. అతని గొంతులో మర్యాద తగ్గలేదు.

కాపాడేవాడు అల్లాహ్ అన్న జవాబు నా నాలుక చివరి వరకు వచ్చింది. అప్పుడు ధర్మవరం పిల్లవాడి మీద నా చూపు పడింది. వాడి జాకెట్టు వాడి కాళ్ల దగ్గర ఉన్నది, దాని పక్కనే వెదురు పువ్వు. ప్లాట్‌ఫారం మీద వాడి తల్లికి ఇచ్చిన జవాబూ ఇదే. ఒంటెను కట్టి నమ్మకం ఉంచాలా, వదిలి నమ్మకం ఉంచాలా అని అడిగిన వ్యక్తికి, కట్టిన తరువాతే తవక్కుల్ వహించమని దైవప్రవక్త (స) బోధించిన హదీసును ఎన్నిసార్లు వివరించలేదు నేను! అమానతుగా తీసుకున్న ప్రాణాన్ని కట్టకుండా వదిలి, దానికి తవక్కుల్ అని పేరు పెట్టుకుంటున్నాను.

జాకెట్టు తీసి తొడుక్కున్నాను. పిల్లలూ తొడుక్కున్నారు. కట్లు సరిగా ఉన్నాయో లేదో సహాయకుడు ఒక్కొక్కరినీ చూశాడు. నమాజు మొదలుపెట్టాము. జాకెట్టుతో రుకూ అయింది, సజ్దా అయింది, ఏ ఇబ్బందీ లేదు. రెండవ రకాతులో లాంచీ మలుపు తీసుకుంది. కాళ్ల కింద చెక్కలు వాలాయి. చెంప మీది ఎండ మెల్లగా మెడ వెనుకకు జరిగింది. పడవ తిరిగిందని ఎలా తెలుస్తుందన్న ప్రశ్నకు జవాబు దొరికింది. నాతో పాటు వరుస అంతా ఖిబ్లా వైపునకు తిరిగింది. ఇద్దరు పిల్లలు నిలవలేక కూర్చుని పూర్తి చేశారు. ఇమాములు చెప్పిన ఆ తగిన కారణం ఏమిటో ఆ రోజు గ్రంథం తెరవకుండానే అర్థమయింది.

సలామ్ తరువాత పిల్లలకు సహీహ్ బుఖారీలోని పడవ ఉపమానం గుర్తుచేశాను. కొందరికి పై అంతస్తు, కొందరికి కింది అంతస్తు వచ్చింది. కిందివారు నీటి కోసం మాటిమాటికీ పైకి వెళ్లి వారిని ఇబ్బంది పెట్టడం ఎందుకని, తమ భాగంలోనే రంధ్రం చేసుకోదలచారు. పైవారు వారిని వారించకపోతే అందరూ మునుగుతారు, చేయి పట్టి ఆపితే అందరూ బతుకుతారు. "ఈ రోజు రంధ్రం చేయబోయినవాడిని నేను. చేయి పట్టుకున్నవాడు ఆ బాబు" అన్నాను. పిల్లలు అతని వైపు చూశారు. అతను సిగ్గుపడి, తాడు చుట్టుకుంటూ ముందుకు వెళ్లిపోయాడు.

ఈ మాట రాయడానికి కొంత సంకోచించాను. ఉపాధ్యాయుడు తన పొరపాటును పత్రికలో చెప్పుకోవడం సులభం కాదు. అయితే మన ఇళ్లలో పిల్లలు మన ఉపదేశాల కంటే మన చేతలనే చూస్తున్నారు. హెల్మెట్ లేకుండా బిడ్డను బండి ముందు కూర్చోబెట్టుకునే తండ్రి, ఊరేగింపు ఆటోలో పదిహేను మందిని ఎక్కించే పెద్దమనిషి, లెక్కకు మించి పడవలో జనాన్ని నింపే యజమాని, అందరూ అల్లాహ్ పేరుతోనే బయలుదేరుతారు. ఆయన పేరు ఆయన అప్పగించిన ప్రాణాల పట్ల మన బాధ్యతను పెంచుతుందే తప్ప తగ్గించదు.

మరునాడు రైలు ధర్మవరం చేరినప్పుడు ఆ తల్లి అదే స్తంభం పక్కన నిలిచి ఉన్నది. పిల్లవాడు దిగి, కొంచెం నలిగిన వెదురు పువ్వును ఆమె చేతిలో పెట్టాడు. ఆమె పువ్వును చూడలేదు, వాడి తల నిమిరి, నా వైపు తిరిగి, "జజాకల్లాహ్ హజ్రత్" అన్నది. ఆ కృతజ్ఞతకు అసలు అర్హుడు గోదావరి గట్టున ఉన్నాడు. అతని కోసం, ఊళ్లు వదిలిన అతని వారి కోసం, కచ్చులూరు నీటిలో ఆత్మీయులను పోగొట్టుకున్నవారి కోసం దుఆ చేయవలసిందిగా పాఠకులను కోరుతున్నాను. అల్లాహ్ మన చేతిలో ఉంచిన అమానతులను కాపాడే బుద్ధిని మనకు ప్రసాదించుగాక! ఆమీన్.