అరి ఎవరు?

అరి అన్న మాట తెలుగువారికి కొత్తది కాదు. కామక్రోధాదులను అరిషడ్వర్గమని పిలుచుకొనే మనకు, శత్రువు బయటనే కాక లోపల కూడ ఉంటాడని ఎవరూ చెప్పనక్కరలేదు. జైనుల నమోకార మంత్రం అరిహంతులకు నమస్కారంతో ఆరంభమౌతుంది. అక్కడ అరిహంతుడనగా రాగద్వేషాలను జయించినవాడు. ఆ పేరునే మన దేశం అణుక్షిపణులు మోసే తన మొదటి జలాంతర్గామికి పెట్టుకొన్నది. 2009 జూలై 26న విశాఖపట్నంలో, అప్పటి ప్రధానమంత్రి మన్మోహన్ సింగ్ గారి సతీమణి గురుశరణ్ కౌర్ కొబ్బరికాయ కొట్టి దానికి జలప్రవేశం చేయించారు. 2016లో అది నౌకాదళంలో చేరినది. అణు నిరోధం కొరకు సాగించిన తొలి గస్తీని ముగించినదని 2018 నవంబరులో ప్రకటన వెలువడినది.

నేను నివసించే సంత్రాగాఛి మీదుగానే హౌరా బండ్లు విశాఖకు పోతాయి. మా అక్కయ్య కుటుంబం నేటికీ ఆ ఊరిలోనే ఉన్నది. ఆ ఓడకు ఇల్లయిన ఊరు శత్రువు కంటికి గురి కూడ కాగలదు. కనుక ఈ చర్చ నాకు కేవలం రాజనీతి కాదు.

మా పొరుగున ఒక హిందీ అధ్యాపకులున్నారు. ఆయన వాదం తేలికగా త్రోసివేయదగినది కాదు.

"భాయీసాహెబ్, అణ్వస్త్రాన్ని ముందుగా ప్రయోగించబోమని 2003లో మన ప్రభుత్వం ప్రకటించినది. దెబ్బ తిన్న తరువాత కూడ బదులు చెప్పే శక్తి మిగిలితేనే కదా ఆ మాటకు విలువ! నేలమీది క్షిపణిని వెదకి కొట్టవచ్చు. కడలి అడుగున ఉన్నదానిని వెదకడం కష్టం. తన ఆయుధం చెక్కుచెదరదని ఎరిగినవాడు తొందరపడడు."

"నిజమే మాస్టర్‌జీ, కాని ఆ ఓర్పు ఎవరి చేతిలో ఉన్నది?" అని నేనడిగాను.

నేలమీద అణు విస్ఫోటకాన్ని క్షిపణికి తగిలించక వేరుగా ఉంచడం మన పద్ధతి అని నిపుణులు చాలకాలం వ్రాస్తూ వచ్చారు. ఆ ఎడబాటే ఒక కాపుదల. వారాల తరబడి నీటి అడుగున తిరిగే ఓడలో అట్టి ఎడబాటు సాగదు. ఆజ్ఞ ఇవ్వవలసినది ప్రధానమంత్రి అధ్యక్షతన ఉన్న మండలి. ఆయుధం ఉండేది నావికుల చెంత. రేడియో తరంగాలు ఉప్పునీటిలోనికి దాదాపు చొరలేవు. అతి తక్కువ పౌనఃపున్యం గలవి మాత్రం కొన్ని గజాల లోతుకు పోగలవు. అట్టి కేంద్రం కొరకే 2024 అక్టోబరులో వికారాబాదు వద్ద దామగుండం అడవిలో శంకుస్థాపన జరిగినది. సుమారు 2,900 ఎకరాల అడవి పోతుందని పలువురు అభ్యంతరం చెప్పారు. సముద్రానికి అంత దూరాన ఉన్న చెట్టుకు కూడ ఈ ఓడతో సంబంధం కలిగినది.

అనువాదకునికి మరొక చిక్కు. డిటరెన్స్ అన్న ఆంగ్లపదానికి మూలమైన లాటిన్ మాటకు భయపెట్టడమని అర్థం. హిందీవారు ప్రతిరోధ్ అంటారు, మనము నిరోధం అంటాము. రెండింటిలోను భయం కనపడదు. మాట మృదువైనంత మాత్రాన వస్తువు మృదువు కాదు. శత్రువు మన ఆగ్రహాన్ని నమ్మాలి. మనము మన నిగ్రహాన్ని నమ్మాలి. ఈ రెండు నమ్మకాలు ఒకే ఇనుపగొట్టంలో ఇమడవలసి ఉన్నది.

2024 ఆగస్టు 29న విశాఖలోనే రెండవ ఓడ నౌకాదళంలో చేరినది. దాని పేరు అరిఘాత్. మొదట ఈ ఓడలకు అమర్చిన క్షిపణి సుమారు 750 కిలోమీటర్లు పోగా, తరువాత పరీక్షించినది 3,500 కిలోమీటర్లు పోగలదు. చేయి పొడవైనది, పేరులో మాత్రం శత్రుసంహారమే మిగిలినది, ఆత్మజయం లేదు.

ఓడలు అక్కరలేదని నేననను. వాటి ఉక్కును గురించి, దూరాన్ని గురించి జరిగినంత చర్చ, ఆజ్ఞ ఇచ్చేవారి వివేకాన్ని గురించి, అందుకొనేవారి నిబ్బరాన్ని గురించి కూడ జరగాలని మాత్రమే నా కోరిక. అరిహంత శబ్దానికి గల రెండవ అర్థాన్ని కాపాడుకోగలిగిననాడే మొదటి అర్థంతో మనకు పని పడకుండా ఉంటుంది.