మెరకా? పల్లమా?



ఏడో తరగతి సోషల్‌లో భూమి గురించి ఒక పాఠం ఉంటుంది. క్రస్ట్, మ్యాంటిల్, కోర్. ఇగ్నియస్, సెడిమెంటరీ, మెటామార్ఫిక్. పిల్లలు రెండు రోజుల్లో కంఠతా పట్టేస్తారు, స్లిప్ టెస్టులో ఇరవైకి ఇరవై తెచ్చుకుంటారు. పేరెంట్స్ మీటింగ్‌లో మీలో కొందరు నన్ను అడిగారు కూడా: "టీచర్ గారూ, సోషల్‌కి ఇంత టైమ్ ఎందుకండీ? మ్యాథ్స్, సైన్స్ అయితే ఐఐటీ ఫౌండేషన్‌కి పనికొస్తాయి కదా!" న్యాయమైన ప్రశ్నే. దానికి జవాబు చెప్పాలనే ఈ నెల ఈ పేజీ అడిగి తీసుకున్నాను.

2024 సెప్టెంబరు వరదల తర్వాత స్కూలు తెరిచిన మొదటి వారం. సింగ్ నగర్ వైపు నుంచి వచ్చే ఒక అమ్మాయి, పుస్తకాలన్నీ తడిసిపోయి కొత్త నోట్‌బుక్కులతో కూర్చున్న అమ్మాయి, లేచి అడిగింది: "టీచర్, కృష్ణా నది మా ఇంటికి చాలా దూరం కదా. మరి మా ఇంట్లోకి నీళ్లు ఎందుకొచ్చాయి?"

ఆ రోజు ఇంకే పాఠమూ చెప్పలేదు. ఆ ఒక్క ప్రశ్నకే పీరియడ్ మొత్తం సరిపోలేదు. ఎందుకంటే ఆ జవాబు వానతో మొదలు కాదు, కొండతో మొదలవుతుంది.

మన కొండ వయసెంత?

ఇంద్రకీలాద్రి, ఆ పక్క గాంధీ కొండ, మొగల్రాజపురం కొండలు, ఇటు కొండపల్లి. ఇవన్నీ తూర్పు కనుమల ముక్కలు. ఈ రాయి పుట్టింది పైన కాదు. వంద కోట్ల ఏళ్లకు పైగా వెనక, భూమి లోపల చాలా కిలోమీటర్ల లోతున, విపరీతమైన వేడికీ ఒత్తిడికీ ఉడికి రూపం మారిన రాయి ఇది. పిల్లలు పుస్తకంలో చదివే 'మెటామార్ఫిక్' అంటే ఇదే. ఇందులో ఒక రకానికి ఖోండలైట్ అని పేరు. ఒడిశా, ఉత్తరాంధ్ర కొండల్లో ఉండే ఖోండ్ గిరిజనుల పేరు మీద శాస్త్రవేత్తలు పెట్టారు. అందులో ఎర్రటి గార్నెట్ గింజలు ఉంటాయి. ఇలాంటి రాళ్లే అంటార్కిటికా తీరంలోనూ ఉన్నాయి. సుమారు 13 కోట్ల ఏళ్ల క్రితం దాకా మన తూర్పు తీరం అంటార్కిటికాకు అతుక్కుని ఉండేది. ఆ రెండూ విడిపోయిన చోట ఏర్పడిన పల్లమే ఇవాళ మనం ఓఎన్‌జీసీ గ్యాస్ బావుల వార్తల్లో వినే కృష్ణా-గోదావరి బేసిన్.

కదలిక ఇంకా ఆగలేదు. మన దేశం ఉన్న ఫలకం ఇప్పటికీ ఏడాదికి దాదాపు 5 సెంటీమీటర్లు ఉత్తరానికి జరుగుతోంది. 2024 డిసెంబరు 4న పొద్దున్న ఏడున్నర వేళ, పిల్లలు స్కూలు బస్సు కోసం నిలబడే సమయానికి, ములుగు దగ్గర వచ్చిన 5.3 తీవ్రత భూకంపం బెజవాడలోనూ తెలిసింది. మీలో చాలామంది ఇళ్లలో గిన్నెలు కదిలే ఉంటాయి. గట్టి రాయి మీద ఉన్న ఇంటికంటే మెత్తటి ఒండ్రు మీద ఉన్న ఇంటికి అలాంటి ఊపు ఎక్కువ తెలుస్తుంది. ఇది భయపెట్టడానికి కాదు, పునాది దగ్గర ఇంజనీరు చెప్పిన మాట వినడానికి.

నది తెచ్చిన నేల

కొండ దారి ఇవ్వకపోతే కృష్ణమ్మ దానికి బెజ్జం చేసుకుని సాగిపోయిందనీ, ఆ బెజ్జంవాడే బెజవాడ అయిందనీ పెద్దలు చెప్తారు. కథ సంగతి ఎలా ఉన్నా, నది ఇంద్రకీలాద్రికీ సీతానగరం కొండకూ మధ్య ఇరుక్కుని వస్తుందన్నది కళ్లకు కనిపించే నిజం. 1850లలో ఆనకట్ట కట్టినవాళ్లూ, 1957లో ప్రకాశం బ్యారేజీ పూర్తి చేసినవాళ్లూ ఈ ఇరుకునే ఎంచుకున్నారు. రెండు పక్కలా గట్టి కొండ ఆనుగా ఉండటమే ఈ చోటు గొప్ప.

కృష్ణ మహాబలేశ్వరం దగ్గర పుట్టి దాదాపు 1,400 కిలోమీటర్లు నడిచి వస్తుంది. దారిలో దక్కన్ పీఠభూమి నల్లరాయిని అరగదీస్తుంది. అది 6 కోట్ల ఏళ్లకు పైగా వెనక భూమి పగుళ్లలోంచి ఉబికిన లావా. మన పొలాల్లో నల్లమట్టికి అదొక పెద్ద మూలం. కొండల మధ్య నుంచి బయటపడగానే నేల చదునవుతుంది, నీటి వేగం తగ్గుతుంది, మోసుకొచ్చిన బరువు దించేస్తుంది. ముందు ఇసక, ఆ తర్వాత మెత్తటి ఒండ్రు. వేల ఏళ్లు అలా దించిన మట్టే ఉయ్యూరు చెరకు తోటా, గుడివాడ వరి చేనూ, అవనిగడ్డా, నాగాయలంకా. మన డెల్టా అంటే సముద్రాన్ని వెనక్కి నెట్టి నది కట్టుకున్న నేల. సముద్రం దగ్గర బోరు వేస్తే ఉప్పునీళ్లు పడటంలో ఆ పాత సముద్రానికీ పాత్ర ఉంది.

ఇక ఆ అమ్మాయి ప్రశ్న. నది పొంగినప్పుడల్లా ఎక్కువ మట్టి ఎక్కడ పడుతుంది? ఒడ్డున. అందుకే డెల్టాలో నది ఒడ్డు మెరక, నదికి దూరంగా పోయేకొద్దీ పల్లం. వినడానికి తలకిందులుగా ఉంటుంది కానీ నిజం. పైనుంచి వదిలిన నీళ్లు మోటారు లేకుండా కాలువల్లో పారి లక్షల ఎకరాలు తడపడానికి ఈ వాలే కారణం. ఇటు కృష్ణ, అటు గోదావరి తమ తమ డెల్టాలను పెంచుకుంటూ పోతే నడుమ మిగిలిన పల్లమే కొల్లేరు.

బుడమేరు ఆ పల్లం వైపు పోయే ఏరు. మైలవరం, కొండపల్లి కొండల నీళ్లు మోసుకుని, నగరానికి ఉత్తరంగా వచ్చి కొల్లేట్లో కలుస్తుంది. ఆ నీటిలో కొంత కృష్ణలోకి మళ్లించడానికి డైవర్షన్ ఛానల్ తవ్వారు. కానీ కృష్ణ కూడా నిండుగా ఉంటే? 2024 సెప్టెంబరు మొదట్లో బ్యారేజీ దగ్గర 11 లక్షల క్యూసెక్కులకు పైగా వరద వచ్చింది. అలాంటప్పుడు ఛానల్ నీళ్లకు నదిలోకి దారి ఉండదు. అదే సమయంలో కొండల మీద కుంభవృష్టి. ఛానల్ కట్టలు తెగాయి. నీళ్లు తమకు తెలిసిన పాత దారినే పోయాయి. ఆ దారిలో ఇప్పుడు మన కాలనీలున్నాయి.

"అంటే టీచర్, మా ఇల్లు పల్లంలో ఉందా?" అంది ఆ అమ్మాయి. అవునమ్మా అన్నాను. తప్పు ఇంటిది కాదు, మీ నాన్నగారిదీ కాదు. ఆ నేల సంగతి తెలిసినవాళ్లు స్థలం కొనేనాడు ఎవరూ చెప్పలేదు, అంతే. ఆ పిల్ల కాసేపు ఆలోచించి, "మరైతే మళ్లీ వస్తాయి కదా" అంది. క్లాసులో ఎవరూ నవ్వలేదు. వస్తే ఏం చేయాలో మాట్లాడుకున్నాం: వాన ఎక్కువైతే ఏ సామాను ముందు పైకి చేర్చాలి, ఏ దారి ముందు మునుగుతుంది, ఎవరి ఇంటికి వెళ్లాలి. భయం కాస్త తగ్గింది. కారణం తెలిసిన భయానికి చేయాల్సిన పని ఒకటి దొరుకుతుంది.

పెద్దల మాట, పుస్తకం మాట

మా అమ్మమ్మ వాళ్లది దివిసీమ. 1977 నవంబరు 19 ఉప్పెన గురించి ఆమె చెప్పే ప్రతి మాటలోనూ మెరక, పల్లం అన్న రెండు పదాలు ఉంటాయి. ఎవరు మెరక చేరారు, ఎవరు చేరలేకపోయారు. ఆ ఒక్క రాత్రి వేల ప్రాణాలు పోయాయి. మా అమ్మమ్మ జియాలజీ చదవలేదు, కానీ ఊళ్లో ఎవరైనా స్థలం కొంటున్నారంటే ఈనాటికీ మొదట అడిగేది అదే: "మెరకా? పల్లమా?" మనం ఫ్లాటు కొనేటప్పుడు తూర్పు ఫేసింగా అని అడుగుతాం, వాస్తు చూపిస్తాం, స్కూలు ఎంత దూరమో లెక్క వేస్తాం. ఆ పాత ప్రశ్న మాత్రం మరిచిపోయాం.

మన పిల్లలకు 'అల్యూవియల్ సాయిల్' తెలుసు, ఒండ్రు తెలియదు. 'సెలైన్' తెలుసు, చవుడు తెలియదు. ఒకటే మట్టి అని ఎవరూ కలిపి చెప్పకపోతే పాఠం పుస్తకంలోనే ఉండిపోతుంది. ఇంగ్లీషు మీడియం టీచరుగా చెప్తున్నాను, ఆ రెండో మాట మీ ఇంట్లోనే ఉంది.

నేల ఇంకా మారుతూనే ఉంది. శ్రీశైలం, నాగార్జునసాగర్ లాంటి పెద్ద డ్యాములు నీటితో పాటు ఒండ్రునూ ఆపేస్తాయి. కొత్త మట్టి రాని తీరాన్ని అలలు కోసుకుపోతున్నాయి. కొండలూ అంతే. వానలో నానిన రాయి పగుళ్ల వెంట జారుతుంది. 2024 ఆగస్టు 31న మొగల్రాజపురంలో కొండరాళ్లు ఇళ్ల మీద పడి ప్రాణాలు పోయాయి. ఇంద్రకీలాద్రి మీద వలలు బిగించింది ఇలాంటి రాళ్లను ఆపడానికే.

అందుకని ఈ నెల మీకు కొన్ని చిన్న పనులు. మార్కులు లేవు.

ఒక గాజు సీసాలో గుప్పెడు పెరటి మట్టి వేసి, నీళ్లు పోసి, గట్టిగా కుదిపి పెట్టండి. ముందు ఏది అడుగున చేరిందో, తెల్లారేసరికి పైన ఏం మిగిలిందో పిల్లల్నే చెప్పనివ్వండి. మన డెల్టా అలాగే తయారైంది.

ఒక ఆదివారం బ్యారేజీ మీద ఆగి, పైవైపు నీటినీ కిందివైపు ఇసకనూ చూపించండి. రెండు పక్కల కొండలనూ చూపించండి.

మీ కాలనీలో వాన నీళ్లు ఎటు పారతాయో పిల్లలతో బొమ్మ గీయించండి. 2024లో నీళ్లు ఎంత ఎత్తు వచ్చాయో గోడ మీద గుర్తు ఉంటే, దాన్ని సున్నంతో చెరిపేయకండి. టేపు పెట్టి కొలిపించండి.

అమ్మమ్మ, నానమ్మ, తాతయ్యలను మీ ఊరి నేల గురించి అడగమనండి. వాళ్లు చెప్పిన తెలుగు మాటలు నోట్‌బుక్కులో రాసుకుని తెస్తే, వాటి పక్కన ఇంగ్లీషు మాటలు క్లాసులో మేము రాయిస్తాం.

పిల్లలు రేపు ఇంజనీర్లయినా, డాక్టర్లయినా, ఎక్కడో ఒక చోట ఇల్లు కట్టుకుంటారు. ఆ రోజు కాగితాల మీద సంతకం పెట్టే ముందు ఒక్కసారి వంగి నేల వైపు చూస్తే చాలు, ఈ పాఠానికి మనం ఇచ్చిన టైమ్ వృథా కానట్టే.