నాచారం షెడ్డులో వెలుగు చారలు

హబ్సిగూడ చౌరస్తాలో మెట్రో దిగి నాచారం దారి పట్టాను. పారిశ్రామిక వాడలో ఒక రేకుల షెడ్డు, కాలేజీల ఫిజిక్స్ ల్యాబులకు పరికరాలు చేసే చిన్న కార్ఖానా. ముందు భాగంలో లేత్ మిషన్, కాళ్ల కింద ఇనుప రజను. వెనక గదికి కిటికీల నిండా నల్లగుడ్డ. ఆ గది కోసమే వెళ్లాను.

కారణం మా ఇంట్లో ఇంటర్ చదివే పిల్లవాడు. మనం చూస్తే కణం తన ప్రవర్తన మార్చుకుంటుందట, కాబట్టి మనసు గట్టిగా అనుకుంటే లోకమే మారుతుందట అని ఎక్కడో వీడియోలో విని వచ్చాడు. మొదటి సగంలో నిజం ఉంది. రెండో సగం దానికి ఎవరో తగిలించిన తోక. ఆ రెండూ ఎక్కడ విడిపోతాయో కళ్లారా చూడాలనిపించింది.

బల్ల మీద ఎర్ర లేజర్. దాని ఎదుట కరెంటు వైరు ఒలిచి తీసిన ఒక్క రాగి పోగు, వెంట్రుక కంటే కాస్త మందం. రెండు మీటర్ల అవతల గోడకు తెల్ల కాగితం. "ఇగో సార్, ఇప్పుడు జూడున్రి" అంటూ అక్కడ పనిచేసే కుర్రాడు లైటు ఆర్పాడు. తీగకు రెండు పక్కల నుంచీ వెళ్లిన వెలుగు కాగితం మీద చారలు చారలుగా పడింది. స్కేలు పెట్టి కొలిచాం, చారకూ చారకూ మధ్య అర సెంటీమీటరు పైచిలుకు. మెరుస్తున్న చోటల్లా పెన్సిలుతో గీత పెట్టాను.

తర్వాత ఇంకో ఫ్రేము బిగించాడు. అందులోనూ అలాంటి తీగే, కానీ ఎడమ పక్క ఒక పోలరాయిడ్ ముక్క, కుడి పక్క ఒకటి. ఒకటి వెలుగులోని నిలువు కంపనాన్నే పోనిస్తుంది, రెండోది అడ్డాన్నే. రెండింటి అంచులూ సరిగ్గా తీగ వెనకే కలవాలి, అందుకే ఒక్కో ఫ్రేము అతికించడానికి గంట పడుతుందట. రెండు ముక్కలకూ సమానంగా వెలుగు అందాలని లేజర్‌ను 45 డిగ్రీలు తిప్పి బిగించారు. లైటు ఆర్పితే చారలు లేవు! గోడ మీద ఎర్రటి మరక మాత్రం మిగిలింది.

ఏ వెలుగు ఏ పక్క నుంచి వచ్చిందో మేమెవరమూ చూడలేదు. చూడాలని అనుకోనూ లేదు. వచ్చిన దారి వెలుగు మీదే గుర్తుగా పడింది, అంతే. ఆ గుర్తు చాలు చారలు పోవడానికి.

కార్ఖానా యజమాని మూడో పోలరాయిడ్ ఫిల్టరును ఫ్రేముకూ గోడకూ మధ్య ఏటవాలుగా నిలిపారు. నిలువు, అడ్డం తేడా చెరిగిపోయి చారలు తిరిగి వచ్చాయి, నా పెన్సిలు గీతల మీదే. అదే ఫిల్టరును రెండో వైపు ఏటవాలుకు తిప్పారు. ఈసారీ చారలు వచ్చాయి, కానీ నా గీతలన్నీ చీకట్లో ఉన్నాయి! ఒకదాని వెలుగు పడ్డచోట రెండోదాని చీకటి. రెండింటినీ కలిపితే మళ్లీ ఆ ఎర్ర మరకే. మరకలో కలిసిపోయి ఉన్న రెండు వరసలనూ ఫిల్టరు విడివిడిగా ఏరి పెడుతోంది తప్ప, జరిగిపోయిన దాన్ని ఏమీ మార్చడం లేదు.

"లేజర్‌లో కోటానుకోట్ల ఫోటాన్లు ఒక్కసారే వస్తాయండీ. ఇక్కడ చూసినదాన్ని పాత తరంగ సిద్ధాంతంతోనూ చెప్పేయొచ్చు. ఒక్కొక్కటిగా పంపినా ఇదే లెక్క రావడమే అసలు వింత. అందుకు కావలసిన డిటెక్టరు మా దగ్గర లేదు" అన్నారు ఆయన. నాకు ఆ నిజాయితీ ఎంతో నచ్చింది.

ఆ వింతను లోకం చూసింది. 1989లో జపాన్‌లో టోనోమురా బృందం ఎలక్ట్రాన్లను ఒక్కొక్కటిగా పంపితే, చుక్కలు పోగై చారలయ్యాయి. 1998లో ఇజ్రాయెల్‌లోని వైజ్‌మన్ సంస్థలో దారి పసిగట్టే చిన్న పరికరాన్ని ఎలక్ట్రాన్ల పక్కన పెట్టారు. అది ఎంత బాగా పసిగడితే చారలు అంత మసకబారాయి. 2004 నాటి వియన్నా ప్రయోగం మరీ స్పష్టం. 70 కార్బన్ పరమాణువులున్న అణువులను బాగా వేడిచేస్తే, అవి దారిలో తామే వెలుగు చిమ్మి తమ ఆచూకీ చెప్పుకున్నాయి. చూసేవాడు ఎవడూ లేకపోయినా చారలు చెదిరిపోయాయి.

ఈ కొలత వింతల్లో మన హైదరాబాద్‌కూ వాటా ఉంది. పదేపదే కొలుస్తుంటే కణం ఉన్న స్థితిలోనే నిలిచిపోతుందని 1977లో బైద్యనాథ్ మిశ్రా, కొట్టాయంలో పుట్టిన సుదర్శన్ లెక్కగట్టారు. దాన్ని కేవలం వెలుగుతోనే చేసి చూపే పద్ధతిని 1994లో హైదరాబాద్ విశ్వవిద్యాలయం నుంచి జి.ఎస్. అగర్వాల్, ఎస్.పి. తివారీ ప్రతిపాదించారు.

తిరుగు దారిలో ఉప్పల్ రోడ్డు మీద జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ (ఎన్‌జీఆర్‌ఐ) గోడ వెంట నడిచాను. 1961లో పుట్టిన ఆ సంస్థ భూమి అయస్కాంత క్షేత్రాన్ని దశాబ్దాలుగా నమోదు చేస్తోంది. ఇలాంటి పనికి వాడే ప్రోటాన్ మాగ్నెటోమీటరులో, ద్రవంలోని కోట్లాది ప్రోటాన్లు ఒకే లయలో తిరుగుతూ ఈ ప్రాంతంలో సెకనుకు సుమారు 1800 సార్లు కంపించే సంకేతం ఇస్తాయి. కొన్ని సెకన్లలో ఆ లయ చెదిరిపోతుంది. పక్కన ఇనుము ఉంటే ఇంకా త్వరగా పోతుంది. మనం విన్నందుకు కాదు, చుట్టూ ఉన్నవాటి తాకిడికి. నాచారంలో చూసినదీ ఇక్కడిదీ వేర్వేరు సంగతులే, కానీ రెండింటా మనసు ప్రసక్తి లేదు.

ఫిజిక్స్ చెప్పే లెక్చరర్ మిత్రులకు నాదొక విన్నపం. ఈ చారల ప్రయోగం చేసినప్పుడు చారలు తిరిగి రాగానే ఆపేయకండి. ఫిల్టరును రెండో వైపుకూ తిప్పండి. పెన్సిలు గీతలు మాత్రం పిల్లల చేతే పెట్టించండి.